రుచివాహిని చెంచా పనిచేయాలంటే ముందు ఎవరి నాలుక ఎలాంటిదో కొలవాలి

మీరు రాయబోయే కథ గురించి అడిగిన ప్రశ్న రెండుసార్లు చదివాను. కరీంనగర్‌లో అమ్మమ్మ, డాలస్‌లో మనవరాలు, ఇద్దరి దగ్గరా జత చెంచాలు. ఇక్కడ అమ్మమ్మ పచ్చిపులుసు అన్నం నోట్లో పెట్టుకోగానే అక్కడ మనవరాలికి ఆ రుచి తెలుస్తుంది, ఆమె తింటున్న చప్పిడి ఓట్స్ కూడా పచ్చిపులుసు కలిపిన ముద్దలా మారిపోతాయి. దానికి 'రుచివాహిని' అని పేరు పెట్టారు. ఇలాంటిది ఎంతవరకు సాధ్యం, లోపలి యంత్రాంగం ఎలా రాస్తే చదివేవాళ్లు నమ్ముతారు, అమ్మమ్మకు తెలిసిన రుచే మనవరాలికీ తెలుస్తుందా అని అడిగారు. నేను ఇరవై రెండేళ్లు పచ్చళ్లు, పొడులు, చిరుతిళ్లు చేసే సంస్థల్లో రుచి పరీక్షల విభాగంలో పనిచేశాను. మీ మూడో ప్రశ్న మీదే నాకు ఎక్కువ చెప్పాలని ఉంది. అయితే మొదటి రెండూ దాటకుండా దానికి వెళ్లలేం.

ముందుగా ఒక దిద్దుబాటు. చెంచా కొనకు తీపి ఎలక్ట్రోడ్ (నాలుకకు కరెంటు అందించే లోహపు ముక్క), వెనక భాగంలో చేదు ఎలక్ట్రోడ్, పక్కల పులుపు, ఉప్పు అని రాశారు. దాన్ని తీసేయండి. చిన్నప్పుడు సైన్సు పుస్తకంలో చూసిన నాలుక బొమ్మే అందరికీ అలా గుర్తుండిపోయింది. 1901లో హేనిగ్ అనే జర్మన్ పరిశోధకుడు నాలుక అంచుల వెంట కొలిచి, ఒక్కో చోట స్వల్ప తేడాలున్నాయని మాత్రమే చెప్పాడు. తర్వాత పాఠ్యపుస్తకాల్లో ఆ స్వల్ప తేడాలే సరిహద్దు గీతలైపోయాయి. రుచిమొగ్గలు ఉన్న ప్రతిచోటా అన్ని రుచులూ తెలుస్తాయి. ఉప్పు రవ్వ ఒకటి నాలుక కొన మీద, తర్వాత పక్కన, తర్వాత వెనక పెట్టి చూసుకోండి.

ఇక కరెంటుతో రుచి పుట్టించడం కల్పన కాదు, చాలా పాత సంగతి. 1750లలోనే సుల్జర్ అనే ఆయన సీసం ముక్క, వెండి ముక్క ఒకదానికొకటి తగిలేలా నాలుక మీద పెట్టుకుంటే, విడివిడిగా లేని ఒక లోహపు రుచి వస్తోందని రాశాడు. బ్యాటరీ ఇంకా పుట్టని రోజులు అవి. ఆయనకు తెలియకుండానే నాలుక మీద చిన్న బ్యాటరీ తయారైంది. మన రోజులకు వస్తే, జపాన్‌లో మెయిజి విశ్వవిద్యాలయంలో హోమెయి మియాషితా ఈ పని మీదే ఏళ్ల తరబడి ఉన్నారు. ఆయన, హిరోమి నకమురా కలిసి 2011లో కరెంటు పెట్టిన చాప్‌స్టిక్స్, స్ట్రాలతో రుచి ఎలా మారుతుందో చూపించారు. 2023లో దానికి ఇగ్ నోబెల్ కూడా వచ్చింది, ముందు నవ్వించి తర్వాత ఆలోచింపజేసే పరిశోధనలకు ఇచ్చే బహుమతి అది. ఆ పనిలోంచే ఒక చెంచా మార్కెట్‌లోకి వచ్చింది. జపాన్ పానీయాల సంస్థ కిరిన్ 2024 మేలో అమ్మకానికి పెట్టిన ఎలక్ట్రిక్ సాల్ట్ స్పూన్ అది. బరువు 60 గ్రాములు, అప్పటి ధర 19,800 యెన్లు. ఉప్పు తగ్గించిన తిండిలో ఉప్పదనం ఒకటిన్నర రెట్ల వరకు ఎక్కువగా తెలిసేలా చేస్తుందని వాళ్ల మాట. అది ఉప్పును పుట్టించదు. సన్నటి కరెంటుతో, తిండిలో చెదిరి ఉన్న సోడియం అయాన్లను, అంటే ఉప్పులోని విద్యుదావేశం ఉన్న కణాలను, నాలుక దగ్గరికి లాగుతుంది. కాబట్టి తడి ఉన్న తిండి కావాలి, చెంచా పట్టుకున్న చేతి నుంచి నాలుక వరకు కరెంటు దారి పూర్తవ్వాలి. మీ మనవరాలు చెంచాను ఎలా పట్టుకుందో, చేతికి ఏ లోహపు పట్టీ తగిలిందో ఒక వాక్యంలో రాయండి. ఆ ఒక్క వాక్యంతో చెంచా నిజమనిపిస్తుంది.

మీకు ఎక్కువగా పనికొచ్చేది మియాషితా 2020లో చేసిన ఇంకో పరికరం. ఐదు జెల్ ముక్కలు, ఒక్కోదానిలో ఒక్కో రుచి: తీపికి గ్లైసిన్, పులుపుకు సిట్రిక్ ఆమ్లం, ఉప్పుకు మామూలు ఉప్పు, చేదుకు మెగ్నీషియం క్లోరైడ్, ఉమామికి గ్లుటమేట్. (ఉమామి అంటే కొంబు అనే సముద్రపు నాచు పులుసులోంచి 1908లో ఇకెదా గుర్తించిన రుచి. మన వంటల్లో బాగా మగ్గిన టమాటాలో తెలిసే ఆ నిండుదనం.) ఈ ఐదింటినీ ఒకేసారి నాలుకకు ఆనిస్తే అన్ని రుచులూ కలగలిసి తెలుస్తాయి. కరెంటు ఇచ్చిన జెల్‌లో అయాన్లు నాలుకకు దూరంగా జరిగి ఆ రుచి మందగిస్తుంది. అంటే రుచిని కలపడం లేదు, ఉన్న ఐదింటిలోంచి అవసరం లేనివి తగ్గించుకుంటూ పోతున్నారు. శిల్పి రాయిని చెక్కుకుంటూ వెళ్లినట్టు. మీ చెంచా గుంట అడుగున ఈ ఐదు జెల్‌ల పొర ఉన్నట్టు రాస్తే యంత్రాంగం గట్టిగా నిలుస్తుంది, పైగా వారానికోసారి జెల్ మార్చుకునే చిన్న ఇంటిపని కూడా కథకు దొరుకుతుంది.

దూరానికి పంపడం కూడా జరిగింది. 2017లో నిమేశ రణసింఘె బృందం సింగపూర్‌లో ఒక గ్లాసు నిమ్మరసంలో సెన్సర్ ముంచి, దాని రంగు, పీహెచ్ (ఆమ్లం ఎంత ఘాటుగా ఉందో చెప్పే అంకె) కొలిచి, ఆ అంకెలను బ్లూటూత్‌తో ఇంకో గ్లాసుకు పంపింది. ఆ రెండో గ్లాసులో ఉన్నవి మంచినీళ్లే. అంచుకున్న ఎలక్ట్రోడ్లు పులుపు పుట్టిస్తే, అడుగున లైటు పసుపు రంగు చూపించింది. 2025లో అమెరికాలో ఒహాయో స్టేట్ విశ్వవిద్యాలయం వాళ్లు ఐదు రుచుల ద్రవాలను చిన్న పంపుతో నోట్లోకి వదిలే పరికరం చేసి, నిమ్మరసం, కేకు, వేయించిన గుడ్డు, చేపల సూప్, కాఫీ రుచులకు దగ్గరగా తెచ్చామన్నారు. కాబట్టి డాలస్ దాకా అంకెలు పంపడంలో ఇబ్బంది లేదు.

ఇబ్బంది ఎక్కడంటే పచ్చిపులుసులోనే. ఒక్క చెంచాడు తీసుకుని చూద్దాం.

చింతపండు పిసికిన నీళ్లు. ఇందులో పులుపు ప్రధానంగా టార్టారిక్ ఆమ్లానిది. సెన్సర్ పీహెచ్ మాత్రమే కొలిస్తే నిమ్మరసానికీ చింతపులుసుకూ ఒకే అంకె చూపించొచ్చు. కానీ నిమ్మ పులుపు చురుక్కుమని తాకి వెళ్లిపోతుంది, చింతపండు పులుపు బరువుగా దిగి, బుగ్గల లోపల వగరుగా కాసేపు ఉంటుంది. ఆ వగరు రుచిమొగ్గల పని కాదు. నోటి లోపలి చర్మం బిగుసుకున్నట్టు తెలిసే స్పర్శ. ఉగాది పచ్చడిలో మనం ఆరు రుచులు లెక్కపెడతాం గానీ, ప్రయోగశాల లెక్కలో వగరు స్పర్శ కిందికి, కారం నొప్పి కిందికి పోతాయి. మిరపలోని క్యాప్సైసిన్ పట్టుకునేది వేడిని పసిగట్టే గ్రాహకాన్ని. డేవిడ్ జూలియస్ 1997లో దాన్ని కనుక్కున్నాడు, 2021లో నోబెల్ వచ్చింది. దాదాపు 43 డిగ్రీల వేడి దాటితే మేలుకునే గ్రాహకం అది, అందుకే మిరపకాయ 'మండుతుంది'. మీ చెంచాలో ఒక సన్నటి వేడి పలక పెడితే కారాన్ని కొంతవరకు అనుకరించొచ్చు. కానీ పలక చల్లారగానే మంట పోతుంది. అసలు కారం నీళ్లు తాగినా వదలదు. ఆ తేడా మనవరాలు గమనించిందని రాయండి.

తర్వాత ఉప్పు, చిటికెడు బెల్లం. ఇవి తేలిక, జెల్‌లు చూసుకుంటాయి.

ఇక మిగిలినవి: నిప్పుల మీద కాల్చిన పచ్చిమిర్చి, జీలకర్ర, కొత్తిమీర, చేత్తో నలిపిన పచ్చి ఉల్లిపాయ. పచ్చిపులుసును పచ్చిపులుసుగా చేసేవి ఇవే. వీటిలో ఏదీ నాలుకది కాదు, అన్నీ ముక్కువి. నమ్మకం లేకపోతే ముక్కు గట్టిగా మూసుకుని అర చెంచా వేయించిన జీలకర్ర నమలండి. కొంచెం చేదుగా, పుల్ల నమిలినట్టు ఉంటుంది, అంతే. నమలుతూనే ముక్కు వదలండి. ఒక్కసారిగా జీలకర్ర వచ్చేస్తుంది. నోట్లోంచి గొంతు వెనకగా ముక్కులోకి వెళ్లే ఆవిరే మనం 'రుచి' అనుకునే దాంట్లో పెద్ద భాగం. తీపికి మనకున్నది ప్రధానంగా ఒకే రకం గ్రాహకం, చేదుకు సుమారు 25 రకాలు, వాసనకైతే దాదాపు 400. ఐదు జెల్‌లతో రుచి కట్టొచ్చు గానీ వాసనకు అలాంటి పునాది రంగులు లేవు. టీవీ తెరకు ఎరుపు, ఆకుపచ్చ, నీలం సరిపోయినట్టు ముక్కుకు ఏ మూడో ఐదో సరిపోవు.

కాబట్టి రుచివాహినికి వాసన గొట్టాలు వేరుగా కావాలి. అక్కడ కూడా ఉల్లిపాయ లొంగదు. ఉల్లిపాయ వాసన కోసిన క్షణంలో పుడుతుంది. కణాలు తెగి, వేర్వేరుగా ఉన్న పదార్థాలు కలిసి, గంధకం ఉన్న ఆవిరులు తయారవుతాయి, నిమిషాల్లో మారిపోతాయి కూడా. గొట్టంలో పెట్టి అమ్మితే అది పాత ఉల్లిపాయ వాసనే. నాకు తట్టిన దారి ఇది: మనవరాలు తన వంతుగా ఒక ఉల్లిపాయ కోసుకోవాలి. మిగతాది చెంచా చూసుకుంటుంది. యంత్రం వల్ల కాని పని ఒకటి ఆమె చేతికి ఇవ్వండి. ఉల్లిముక్క కరకరమన్న చప్పుడు కూడా ఆ ముద్దలో భాగమే. ఆక్స్‌ఫర్డ్‌లో చార్లెస్ స్పెన్స్ వాళ్లు చిప్స్ కొరికే చప్పుడును హెడ్‌ఫోన్లలో పెంచి వినిపిస్తే, తినేవాళ్లు అవే చిప్స్‌ను ఇంకా తాజాగా, కరకరలాడుతూ ఉన్నాయన్నారు. చప్పుడు పంపడం అన్నిటికన్నా తేలిక.

ఇప్పుడు మీ మూడో ప్రశ్న. అమ్మమ్మకు తెలిసిందే మనవరాలికి తెలుస్తుందా? పైన చెప్పిన పరికరాలన్నీ గిన్నెలో ఏముందో పంపుతాయి. అమ్మమ్మకు ఏం తెలిసిందో పంపవు. ఆ రెంటికీ మధ్య చాలా దూరం ఉంది.

1931లో అమెరికా రసాయన సంస్థ డ్యూపాంట్ ప్రయోగశాలలో ఆర్థర్ ఫాక్స్ పీటీసీ అనే పొడిని సీసాలో పోస్తుంటే కొంచెం గాలిలోకి లేచింది. పక్కన పనిచేస్తున్నాయన నోరు చేదెక్కిందన్నాడు. ఫాక్స్‌కు ఏమీ తెలియలేదు. ఒకే గది, ఒకే పొడి. ఇది పుట్టుకతో వచ్చే తేడా అని, ఒక చేదు గ్రాహకపు జన్యువులో ఉందని తర్వాత తేలింది. మా విభాగంలో కొత్తగా చేరేవాళ్లకు ఈ పీటీసీ కాగితం నాలుక మీద పెట్టించేవాళ్లం. ఒకసారి పక్కపక్క కుర్చీల్లో కూర్చున్న అక్కాచెల్లెళ్లకు ఇచ్చాను. అక్క మొహం ముడుచుకుని సింక్ దగ్గరికి పరిగెత్తింది. చెల్లెలు 'ఇది ఉత్త కాగితం కదా మేడం, పొరపాటున ఇచ్చారా' అని అడిగింది. ఒకే తల్లి వంట తిని పెరిగినవాళ్లు. 'కాకరకాయ తినమంటే నన్ను మొండిదానివని తిట్టేదానివి' అని అక్క చెల్లెలితో అన్న మాట నాకు ఇప్పటికీ గుర్తుంది.

అందుకే నా సలహా: రుచివాహిని వంటకాన్ని కాకుండా నాలుకను పంపాలి. అంటే అమ్మమ్మ నాలుక ఏ రుచిని ఎంత పట్టుకుంటుందో కొలిచి, మనవరాలి నాలుకను కాసేపు అలా మార్చాలి. నాలుకను మార్చడం కూడా గాలిమాట కాదు, మన చెట్లకే ఆ విద్య తెలుసు. పొడపత్రి ఆకు రెండు నిమిషాలు నమిలి ఉమ్మేసి, నోరు పుక్కిలించి, పంచదార వేసుకుంటే నోట్లో ఇసుక పోసుకున్నట్టే ఉంటుంది. బెల్లం పెట్టుకుంటే నాకు తీపి పూర్తిగా పోయి, మట్టి వాసన, కొంచెం ఉప్పదనం మిగిలాయి. అరగంటో గంటో తర్వాత నాలుక మామూలుగా అవుతుంది. ఆకులోని జిమ్నెమిక్ ఆమ్లాలు తీపి గ్రాహకాన్ని మూసేస్తాయి. (షుగర్ మందులు వాడేవాళ్లు డాక్టర్‌ను అడగకుండా ఇది చేయకండి.) పశ్చిమ ఆఫ్రికాలో ఇంకో పండు ఉంది, దాన్ని మిరాకిల్ ఫ్రూట్ అంటారు. అది తిన్నాక నిమ్మకాయ కొరికినా తియ్యగా ఉంటుంది. అందులోని మిరాక్యులిన్ తీపి గ్రాహకానికి అతుక్కుని, పులుపు తగిలినప్పుడు దాన్ని లేపుతుంది. కరెంటుకూ ఈ శక్తి కొంత ఉంది. దిశను బట్టి, పారుతున్నంతసేపు ఉప్పు తెలియకుండా చేయొచ్చు, ఆపిన క్షణంలో ఎక్కువగా తెలిసేలా చేయొచ్చు. పెంచడం, తగ్గించడం రెండూ చేతిలో ఉంటే ఒకరి నాలుకను ఇంకొకరి నాలుకకు దగ్గరగా తేవచ్చని కథలో ధైర్యంగా రాయొచ్చు. మెదడులో చిప్ పెట్టే దారి వద్దు. 2015లో చార్లెస్ జుకర్ బృందం ఎలుకల మెదడులో తీపి, చేదు చోట్లను నేరుగా ప్రేరేపించి, అవి నిజంగా రుచి చూసినట్టే ప్రవర్తించేలా చేసింది నిజమే. కానీ అక్కడికి వెళ్తే చెంచా పోతుంది. మీ కథకు చెంచానే అందం.

ఇలా రాస్తే ఏం జరుగుతుందో చూడండి. అమ్మమ్మ నాలుక మనవరాలికి వచ్చినప్పుడు మొదట తెలిసేది పచ్చిపులుసు గొప్పదనం కాకపోవచ్చు. చప్పదనం కావచ్చు.

ఇది మా అమ్మ దగ్గర తెలుసుకున్నాను. డెబ్బై దాటాక ఆమె వంటలో ఉప్పు, పులుపు పెరుగుతూ వచ్చాయి. చారులో ఇంగువ వేసి, మూత తీసి వాసన చూసి, మళ్లీ వేసేది. 'ఈ ఇంగువ ఏడ తెచ్చినవు బిడ్డా, అసలు వాసననే లేదు' అని నన్ను అడిగేది. మూడు రకాలు మార్చాను. తమ్ముడు పళ్లెం ముందు కూర్చుని 'అమ్మా, ఉప్పు కషాయం చేసినవు' అంటే ఆమె నొచ్చుకుని లేచిపోయేది. రోజంతా పరాయివాళ్ల నాలుకలు కొలిచే నాకు ఇంట్లో నాలుకను కొలవాలని ఏడాది వరకు తోచలేదు. ఒక ఆదివారం ఆమెను కళ్లు మూసుకోమని కాఫీ పొడి, కర్పూరం, వాము, ఇంగువ ఒక్కోటి ముక్కు దగ్గర పెట్టాను. కర్పూరం ఒక్కటే పట్టుకుంది, అదీ చల్లగా తగిలిందని. ఇంగువ డబ్బా పెట్టినప్పుడు చాలాసేపు పీల్చి, 'ఏం పెట్టినవు? ఇంకా పెట్టలేదా?' అంది. వయసుతో రుచి కన్నా వాసన ఎక్కువగా తగ్గుతుందని నేను ఎన్నో శిక్షణ తరగతుల్లో చెప్పాను. ఆ డబ్బా చేత్తో పట్టుకుని నిలబడ్డప్పుడు ఆ మాటకు అర్థం తెలిసింది. ఆమె నలభై ఏళ్ల నాటి చారును జ్ఞాపకంతో వండుతోంది. గిన్నెలోది ఆ జ్ఞాపకానికి సరిపోక మళ్లీ మళ్లీ ఇంగువ వేస్తోంది.

మీ కథలో మనవరాలు 'అమ్మమ్మా, ఈమధ్య నీ వంటలో ఉప్పెక్కువ' అని ఫోన్‌లో అన్న మనిషి అయితే, ఆ చెంచా నోట్లో పెట్టుకున్న నిమిషం వేరుగా ఉంటుంది. ఓట్స్ పచ్చిపులుసుగా మారడం కన్నా అది పెద్ద సంఘటన. కారం విషయంలో తలకిందులవ్వాలి. రోజూ మిర్చి తినే అమ్మమ్మకు ఆ మంట అలవాటైపోయింది, ఆరేళ్లుగా తగ్గించి తింటున్న మనవరాలి నోటికి అదే మోతాదు నిప్పు. అమ్మమ్మ నాలుక అరువు తెచ్చుకుంటే ఉప్పు చప్పబడాలి, కారం నెమ్మదించాలి, కాల్చిన మిర్చి వాసన ఎక్కడో దూరంగా ఉన్నట్టుండాలి. తిరుగు ప్రయాణం కూడా రాయండి: మనవరాలి నాలుక కాసేపు అమ్మమ్మకు వస్తే, ఆమె తన పులుసు తనే నోట్లో పెట్టుకుని ఏమంటుంది? ముక్కు సంగతి చెంచా వల్ల కాదు కాబట్టి వాసన తిరిగి రాదు, ఉప్పు మాత్రం తెలుస్తుంది. ఆ గీత దాటకండి, దాటితే చెంచా మంత్రదండం అవుతుంది.

చెంచాలు జత కలిసే ముందు ఇద్దరికీ కొలత పెట్టే ఘట్టం తప్పక ఉండాలి. మేం చేసే పద్ధతి కథలో అందంగా ఇముడుతుంది. మూడేసి కప్పులు, ప్రతి కప్పుకూ ఏదో ఒక మూడంకెల సంఖ్య. రెంటిలో ఉత్త నీళ్లు, ఒకదానిలో కొద్దిగా ఉప్పు. వేరుగా ఉన్నది ఏదో చెప్పాలి, తెలియకపోతే ఊహించి అయినా చెప్పాలి. మధ్యలో మంచినీళ్లతో పుక్కిలించి, ఉప్పు లేని మరమరాలు నాలుగు నమలాలి. తర్వాతి వరసలో ఉప్పు రెట్టింపు. లీటరు నీటికి పావు గ్రాముతో మొదలుపెట్టి అర, ఒకటి, రెండు, నాలుగు గ్రాములు. మీరు కూడా రాయబోయే ముందు ఇంట్లో పెద్దవాళ్లతో, పిల్లలతో ఒకసారి చేసి చూడండి (బీపీ ఉన్నవాళ్లను మింగకుండా ఉమ్మేయమనండి). నాకు ఒక గ్రాము కప్పు దగ్గర తెలిసింది. అమ్మ నాలుగు గ్రాముల కప్పు దాకా వచ్చి, అది పట్టుకుని రెండోసారి తాగి, 'ఇదేనేమో' అంది.